ఈశాన్యం కాలు

మాణిక్ సార్ హాల్లో అడుగుపెట్టేసరికి ముక్కుకు మూడు వాసనలు తగిలాయి. ఒకటి అగరొత్తుల పొగ, రెండోది మూత తీసిన ఉప్మా గిన్నె, మూడోది పృథ్వీరాజ్. మొదటి రెండూ కిటికీ తెరిస్తే పోయేవి. మూడోది పోవాలంటే అది వచ్చిన కారు మళ్లీ స్టార్టవ్వాలి.

పృథ్వీరాజ్ వాస్తు చెప్తాడు. నాలుగేళ్ల కిందటి దాకా ముంబై హైవే పక్కన ప్లాట్లు అమ్మిపెట్టేవాడు. ఏ ప్లాటు ఎందుకు అమ్ముడుపోలేదో అడిగినవాళ్లకీ అడగనివాళ్లకీ వివరించి వివరించి, ఆ సాకులన్నీ కూడబెట్టి శాస్త్రం చేసుకున్నాడు. పేరులో పృథ్వి, నోట్లో గుట్కా, చేతిలో కంపాసు. ఆ కంపాసులో కంపు ఒక్కటే నమ్మదగ్గదని మాణిక్ సార్ అభిప్రాయం. వాస్తుకీ వాస్తవానికీ మొదటి అక్షరం దాకే చుట్టరికమని కూడా ఆయన స్టాఫ్ రూములో చాలాసార్లు అన్నాడు. స్టాఫ్ రూములో మాత్రమే అన్నాడు.

ఆ రోజు కాలేజీలో డివిజన్ స్థాయి గణిత ప్రదర్శన. పదకొండింటికి సంగారెడ్డి నుంచి జడ్జి వస్తుంది. అన్నింట్లోకి మంచి నమూనా ఒకే ఒక్కటి రాష్ట్రస్థాయికి హైదరాబాద్ పోతుంది. ఆ ఒక్కటీ తన క్లాసు పిల్ల ప్రియాంకదే అవుతుందని మాణిక్ సార్ నమ్మకం. ఇరవై రెండేళ్లుగా ఈ ప్రైవేటు కాలేజీలో ఇంటర్ పిల్లలకు లెక్కలు చెప్తున్నాడు. ఆయన క్లాసులో పుట్టిన ఆలోచన ఒక్కటి కూడా ఇంతవరకు జహీరాబాద్ బస్టాండు దాటలేదు. ఇది దాటాలి. అందుకే ఎనిమిదిన్నరకే వచ్చి, నమూనా చువ్వలను ఒకసారి గుడ్డతో తుడుద్దామనుకున్నాడు.

తుడవడానికి వంగినవాడు వంగినట్టే ఉండిపోయాడు. ఈశాన్యం కాలు లేదు.

ఆ కాలు సంగతి తెలియాలంటే ఆగస్టులో జరిగిన పాఠం తెలియాలి. ఆ రోజు మాణిక్ సార్ నిరూపకాలు చెప్తున్నాడు. గదిలో ఒకచోటును సున్నా అనుకో, అక్కణ్ణుంచి తూర్పుకు ఇన్ని అడుగులు, ఉత్తరానికి ఇన్ని, పైకి ఇన్ని. మూడంకెలు చాలు, ఈగ ఎక్కడ వాలిందో చెప్పెయ్యొచ్చు. ఈగ అవతలి పక్కన వాలితే అంకె ముందు మైనస్ పెట్టాలి. లోకమంతా చెప్పే పాఠమే. మొగుడంపల్లి నుంచి షేర్ ఆటోలో వచ్చే ప్రియాంక లేచి నిలబడింది.

“సార్, ఈ మైనస్ ఎందుకు? వెనక్కి నడుసుడు లేకుంట లెక్క జెయ్యరాదా?”

“చెయ్యొచ్చు బిడ్డా. మూడు గీతలకు బదులు ఆరు దిక్కులకు ఆరు గీతలు పెట్టుకోవాలె.”

“ఆరెందుకు సార్? నాలుగు చాలు,” అని ఆ పిల్ల కాగితం పొట్లంలోంచి ఒక పల్లేరు కాయ తీసి బల్ల మీద వేసింది. వాళ్ల నాయన గుండయ్య అల్లం చేను గట్టు మీద తను నడుస్తుంటే చెప్పులో దిగిందట. “ఎట్ల ఏసినా మూడు ముండ్ల మీద నిలవడ్తది, ఒకటి పైకుంటది. దీనికి మైనస్ ఎక్కడుంది, చెప్పున్రి!”

మాణిక్ సార్ ఆ కాయను నాలుగైదుసార్లు బల్ల మీద వేసి చూశాడు.  గుచ్చుకుంటే అంతా అబ్బా అంటారు, ఈ పిల్ల ఆహా అంది.

నాలుగు నెలలు కూర్చుని ఇద్దరూ ఆ ముల్లుకు లెక్క కట్టారు. పద్ధతి ఇది. నడిమధ్య ఒక ముడి. ముడి నుంచి నాలుగడుగుల ఇనుప చువ్వలు నాలుగు. ఒకటి నిటారుగా పైకి, తక్కిన మూడూ ముక్కాలి పీట కాళ్లలా మూడు పక్కలకు ఏటవాలుగా కిందికి. ఏ రెండు చువ్వల మధ్య చూసినా ఎడం ఒక్కటే. హాల్లో ఏ చోటికి పోవాలన్నా ఈ చువ్వలు చూపించే దిక్కుల వెంట ముందుకే నడవాలి. ఈ కాలి వెంట ఇన్ని అడుగులు, అక్కణ్ణుంచి ఆ కాలి దిక్కుగా ఇన్ని. నాలుగు అంకెలు వస్తాయి. అందులో కనీసం ఒకటి ఎప్పుడూ సున్నా, మైనస్ మాత్రం ఎప్పుడూ లేదు. నాలుగింటి వెంటా తలా ఒక అడుగు నడిస్తే మాత్రం బయల్దేరిన ముడి దగ్గరికే వస్తాం.

“ఇది పుస్తకాలల్ల ఎక్కడ్నో ఇదివరకే ఉన్నది బిడ్డా,” అని ఒకరోజు మాణిక్ సార్ మనసు రాయి చేసుకుని చెప్పాడు.

“ఉంటే ఉండనీ సార్. నాకు దొరికినప్పుడు పుస్తకం నా చేతిల లేదు గదా,” అంది ప్రియాంక.

మూడు కాళ్లలో ఒకటి హాలు ఈశాన్యం మూలకు చూస్తుండేది. ఇప్పుడది లేదు. లేదంటే మాయమవ్వలేదు. ముడి దగ్గర ఎవరో మొదలంటా కోసి, తీసుకెళ్లి నైరుతి వైపు, తక్కిన రెండు కాళ్ల నడుమ అతికించారు. మూడు కాళ్లూ ఒకే పక్కకు చాపుకుని, నమూనా గోడకానుకున్న తాగుబోతులా వాలి ఉంది. పడిపోకుండా తీగతో కిటికీ ఊచకు కట్టారు.

“ఏమయ్యా మాణిక్, గట్ల గుడ్లప్పగించి సూస్తవేంది? ఉప్మా తిను,” అని ఈశాన్యం మూల నుంచి పలకరింపు వచ్చింది.

అక్కడ పెద్ద కుర్చీలో చందర్ సార్ ఉన్నాడు. కాలేజీ ఆయనది. పదవి కరస్పాండెంటు. ఆ మాటకు ఉత్తరాలు రాసేవాడని అర్థమని ఇంగ్లీషు సార్ ఒకాయన చెప్పాడు గానీ, చందర్ సార్‌కు ఉత్తరాలతో పనిలేదు, దక్షిణలు అందితే చాలు. ఉప్మా తిన్న వేళ్లను స్టేజీ పరదాకు తుడుచుకుంటున్నాడు. ఆ పరదా రంగు ఏమిటో కాలేజీలో ఎవరికీ గుర్తులేదు.

“సార్, ఈ కాలు ఎవరు కోసిన్రు?”

“పృథ్వీరాజ్ జెప్పిండు, వెల్డింగ్ ఇస్సాకు కోసిండు. పొద్దుగాల ఆరింటికే అయిపోయింది పని.”

పృథ్వీరాజ్ కిటికీలోంచి బయటికి ఉమ్మి వచ్చాడు. సగం ఉమ్మి కిటికీ గట్టు మీదే ఉంది.

“వీధిపోటు తెలుసు గదా సార్ మీకు? ఇంటికి ఎదురుంగ రోడ్డొచ్చి గుద్దుకుంటే ఎంత ప్రమాదం! గిది ఇనుపపోటు. ఇనుప మొన సీదా యజమాని కుర్సీ దిక్కు చూస్తున్నది. అందుకే ఈ ఏడు అడ్మిషన్లు పడిపోయినయ్.”

“ఈ నమూనా పెట్టి నాలుగు రోజులయింది. అడ్మిషన్లు జూన్‌లో పడిపోయినయ్.”

“పోటు ముందుగాలనే తగుల్తది సార్. గదే దాని గుణం.”

“మరి యజమాని నైరుతిల కూసోవాలంటరు గదా మీరు? ఈశాన్యంల ఎందుకు కూసున్నడు?”

పృథ్వీరాజ్ పైకి చూశాడు. హాలు మొత్తానికి ఉన్న ఒకే ఒక్క ఏసీ ఈశాన్యం మూలన, చందర్ సార్ నెత్తిమీద గుర్రుమంటూ నీళ్లు కారుస్తోంది. “దానికి వేరే పరిహారం ఉన్నది,” అన్నాడు. మనిషి కుర్చీకి పరిహారం ఉంది, ఇనుప చువ్వకు లేదు. దిక్కులు చెప్పేవాడే ఇంత దిక్కుమాలినవాడైతే ఇంకెవరికి చెప్పుకోవాలి?  

“సార్,” అన్నాడు చందర్ సార్ వైపు తిరిగి, “కాలు తియ్యంగనే లెక్క చెడిపోయింది. ఇప్పుడు హాల్ల మూడో వంతే అందుతది. మిగిలిన రెండు వంతులు ఈ పద్ధతిలనే లేవు.”

“ఎట్ల చెడిపోతది? నాలుగు కాళ్లు నాలుగే ఉన్నయ్ గదా! నేనేమన్న ఒకటి ఇంటికి తీస్కపోయిన్నా?”

“నాలుగుంటే చాలదు సార్. నాలుగు పక్కల ఉండాలె.”

చందర్ సార్‌కు ఈ నమూనాలో అర్థమైంది నాలుగనే అంకె ఒక్కటే. అర్థమైన రోజే ఫ్లెక్సీ కొట్టించాడు. కాలేజీ గేటు మీద ఎడ్లబండి అంత అక్షరాలతో వేలాడుతోంది: ‘జహీరాబాద్‌లో మొట్టమొదటి ఫోర్-డీ కాలేజీ’. కింద అక్షరాల కంటే పెద్దగా చందర్ సార్ ముఖం. అంకెలు నాలుగైనంత మాత్రాన అది ఫోర్-డీ కాదని మాణిక్ సార్ ఆ రోజే చెప్పబోయాడు. “పాడెను నలుగురు మోస్తరు సార్. అట్లని నాలుగు పీనుగులు గావు గదా,” అన్నాడు. “పొద్దుపొద్దున్నే పీనుగుల ముచ్చటేందయ్యా,” అని చందర్ సార్ ఫ్లెక్సీ సైజు ఇంకో అడుగు పెంచాడు.

ఇప్పుడు ఆయన గొంతు తగ్గించాడు. గొంతు తగ్గిస్తే చందర్ సార్ చాలా పెద్దమనిషిలా ఉంటాడు.

“యాభై ఎప్పుడు నిండుతయ్ మాణిక్ నీకు?”

“వచ్చే మార్చికి సార్.”

“యాభై నిండినోన్ని ఏ కాలేజీల తీసుకుంటున్నరు ఈ రోజులల్ల? ఊకె అడుగుతున్న. ఉప్మా తిను, సల్లారిపోతది.”

మాణిక్ సార్ తిన్నాడు. నిలబడే తిన్నాడు. ఉప్మాలో ఉప్పు లేదు, తనలో కారం లేదు. గొంతులో అడ్డం పడ్డదాన్నల్లా మింగుకుంటూ పోయాడు. మింగడంలో ఆయనకు ఇరవై రెండేళ్ల అనుభవం ఉంది.

పదింటికి ప్రియాంక వచ్చింది. సంచిలో కొలత టేపు, దారపు ఉండ, దారానికి కట్టిన ఇనుప గుండు. నమూనాను చూసి సంచి కింద పెట్టింది.

“ఇదేంది సార్?”

“జర అడ్జస్టు చేసిన్రు బిడ్డా.”

“ఎవలు?”

మాణిక్ సార్ ఏసీ వైపు చూశాడు. ప్రియాంక తీగ విప్పింది. నమూనా ఈశాన్యం దిక్కుకు తూలి పడబోతే రెండు చేతులతో పట్టుకుంది. మళ్లీ నిలబెట్టి చూసింది, మళ్లీ తూలింది.

“నిలవడ్తలేదు సార్. ఆ దిక్కు కాలు లేదు గాబట్టే పడ్తున్నది. ఆ దిక్కు కాలు లేదు గాబట్టే లెక్క గూడ ఆ దిక్కు పోదు. రెండూ ఒక్కటే గదా?”

రెండూ ఒక్కటే. ఆ సంగతి ఆ పిల్లకు మాణిక్ సార్ చెప్పలేదు. అప్పటికప్పుడు పడబోయే ఇనుమును పట్టుకుని తనే కనిపెట్టింది. ఇంకో రోజైతే ఆయన చప్పట్లు కొట్టేవాడు.

“ఇస్సాకన్నను పిలుద్దాం సార్. గంట టైమున్నది.”

“వద్దు బిడ్డా.”

“ఎందుకు?”

“నువ్వు ఫికర్ జెయ్యకు. జడ్జి కుర్సీ నైరుతి దిక్కు ఏయిస్త. ఫ్యాను గూడ అటే తిప్పుత. ఆమె ముందర ఏముంటే దాని గురించే అడుగుతది. కిటికీ, బల్ల, పూలకుండీ. అవన్నీ అందే మూడో వంతులనే ఉన్నయ్ గదా. ఈ దిక్కు అడగదు.”

“అడిగితే?”

“అడగదంటున్న గదా!”

ప్రియాంక తీగ మళ్లీ కిటికీకి కట్టింది. కడుతూ ఒక్కసారి ఆయన ముఖంలోకి చూసింది. పల్లేరు కాయ తీసి బల్ల మీద వేసినప్పటి చూపు కాదది. చెప్పులో దిగినప్పటి చూపు.

పదకొండుంబావుకు జడ్జి శోభారాణి గారు వచ్చింది. యాభై ఏడేళ్ల లెక్కల లెక్చరర్, నవ్వు పొదుపు, ప్రశ్న దుబారా. చందర్ సార్ దండ వేయబోతే “చేతికివ్వండి” అని తీసుకుని బల్ల మీద పెట్టింది. పదమూడు నమూనాలు చూసింది. అట్టముక్కల పిరమిడ్లు, థర్మాకోలు గోళాలు, మిరపకాయ బజ్జీ నూనె మరకతో ఒక వృత్తం. పద్నాలుగోది ప్రియాంకది. మాణిక్ సార్ ఫ్యాను తిప్పిన వైపే ఆమె వచ్చి కూర్చుంది.

ప్రియాంక పద్ధతి వివరించింది. తడబడలేదు. శోభారాణి గారు కిటికీ గడియ అడిగింది. ప్రియాంక టేపు పట్టి నాలుగు అంకెలు చెప్పి, దారం లాగి, గుండు వేలాడదీసి చూపించింది. గడియకు తగిలింది. పూలకుండీ అడిగింది. దానికీ తగిలింది. పిల్లలు చప్పట్లు కొట్టారు. మాణిక్ సార్ చొక్కా వీపుకు అంటుకుని ఉంది. ఇంకో రెండు నిమిషాలు. ఆమె కలం మూత తీసింది.

“మేడమ్!” అని ఈశాన్యం మూల నుంచి చందర్ సార్ చెయ్యెత్తాడు. “నా కుర్సీ అడగున్రి మేడమ్! మా ఫోర్-డీల నేనేడున్ననో చెప్పమనున్రి!”

మాణిక్ సార్ మనసులో ఆ కుర్చీని, దాని నాలుగు కాళ్లను, పైనున్న ఏసీని కలిపి ఒక్క మాట తిట్టాడు. ఆ మాట ఇక్కడ రాయలేం. చెడగొట్టించినవాడికి చెడిందన్న సంగతి కూడా గుర్తులేదు. నాలుగు కాళ్లు నాలుగే ఉన్నాయి కదా!

“సరే, చెప్పమ్మా,” అంది శోభారాణి గారు. “సార్ కుర్చీ.”

ప్రియాంక కదల్లేదు. టేపు చేతిలో ఉంది. హాలంతా ఆమెను చూస్తోంది. మాణిక్ సార్ ఒక అడుగు ముందుకు జరిగి, ఫైలు అడ్డం పెట్టుకుని గొణిగాడు.

“ఎనిమిది, మూడు, సున్నా, సున్నా. మొన్న కొలిచినం గదా. గదే చెప్పెయ్ బిడ్డా. ఎవలు దారం లాగి సూస్తరు?”

అన్నాక ఆ మాట తన నోట్లోంచే వచ్చిందని ఆయనకు తెలిసింది. పృథ్వీరాజ్ ఉమ్మింది కిటికీ గట్టు మీద ఎండిపోతోంది. తను ఉమ్మింది ఇంకా తడిగానే ఉంది.

ప్రియాంక గొణగలేదు. గట్టిగానే అంది.

“ఎనిమిది ఏ కాలి మీద సార్? ఆ కాలు ఇప్పుడు కిటికీ దిక్కున్నది. ఎనిమిదడుగులు నడిస్తే గోడకు గుద్దుకుంటం, సార్ కాడికి పోము.”

“ఏమంటున్నవమ్మా?” అంది జడ్జి.

“ఈ కాళ్ల మీద సార్ కుర్సీ కాడికి తొవ్వ లేదు మేడమ్. ఆ కుర్సీకే గాదు, అటు దిక్కు దేనికీ లేదు. నాది మొదలు ఇట్ల లేకుండె. పొద్దుగాల కాలు కోసి ఇటు అతికిన్రు. నిలవడ్తలేదని తీగతోని కట్టిన్రు. సూడున్రి,” అని తీగ చూపించింది.

హాల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. చందర్ సార్ సీటులో ఉన్నాడు గానీ లెక్కలో లేడని అప్పుడే కొందరికి అర్థమైంది. అర్థం కానిది ఆయనకొక్కడికే.

“అంటే నేను లేనా? ఏసీ కింద ఇంత మనిషిని కూసుంటే నేను లేనంటదా ఈ పోరి? ఏమయ్యా మాణిక్, గిదేనా నువ్వు జెప్పిచ్చింది?”

మాణిక్ సార్ ఫైలు బల్ల మీద పడేసి జడ్జి వైపు తిరిగాడు.

“మేడమ్, మీరు ఎన్నింటికి పోతరు?”

“రెండింటికి. ఎందుకు?”

“అరగంట ఇయ్యున్రి.”

“మాణిక్!” అన్నాడు చందర్ సార్. “అది ముట్టినవంటే రేపట్నుంచి రావొద్దు.”

“రాను సార్,” అని మాణిక్ సార్ మెట్లు దిగాడు. చాలా ధైర్యమైన మాటలా వినిపించింది గానీ అది ధైర్యం కాదు. అదే హాల్లో ఇంకో నిమిషం ఉంటే ఉప్మా అంతా బయటికొచ్చేది.

ఇస్సాకు షెడ్డు హైవేకు అవతలి పక్క. చెరకు లారీలు ఒకదాని వెనక ఒకటి పోతుంటే దాటడానికి ఐదు నిమిషాలు పట్టింది. ఇస్సాకు, మాణిక్ సార్ పదో తరగతి దాకా ఒకే బెంచీ. ట్రాక్టరు ట్రాలీ కింద పడుకుని ఉన్నవాడు కాళ్లు చూసే గుర్తుపట్టాడు.

“ఏందే సారూ, పాలిష్ బూట్లేసుకొని వచ్చినవ్?”

“పొద్దుగాల నువ్వు కోసిన కాలు మళ్లీ మొదటి తీరుగనే అతకాలె. జల్ది రా.”

ఇస్సాకు బయటికి జరిగి లేచాడు. “నాకు పొద్దుగాలనే అనుమానమొచ్చింది. మూడు కాళ్లు ఒక్క దిక్కు పెడితే బర్రె గూడ నిలవడదు.”

“మరి ఆయనకెందుకు చెప్పలే?”

“నువ్వు చెప్పినవా?”

మాణిక్ సార్ వెల్డింగ్ మిషను ఒక చెవి పట్టుకున్నాడు, ఇస్సాకు కటింగ్ మిషను చంకలో పెట్టుకుని ఇంకో చెవి పట్టుకున్నాడు. లారీల మధ్య సందు చూసుకుని రోడ్డు దాటారు.

నమూనాను ప్రియాంక, ఇంకో ఇద్దరు పిల్లలు అప్పటికే ఆవరణలోకి మోసుకొచ్చారు. రాహుకాలమని పృథ్వీరాజ్ అడ్డం నిలబడ్డాడు. “జరగన్నా, మంట ఎగురుతది,” అని ఇస్సాకు కటింగ్ మిషను ఆన్ చేయగానే రాహువు, కేతువు, పృథ్వీరాజ్ ముగ్గురూ గేటు దాకా జరిగారు. శోభారాణి గారు కుర్చీ తెప్పించుకుని ఎండలోనే కూర్చుంది. నిప్పురవ్వలు ఎగురుతుంటే చెయ్యి అడ్డం పెట్టుకుని అడిగింది.

“నాలుగు కాళ్లు సమానమైన ఎడంలో లేకపోతే పని చెయ్యదా అమ్మా?”

“చేస్తది మేడమ్. జర ఇటు అటు వంగినా ఫరక్ లేదు. అంకెలు మారుతయి, లెక్క కష్టమైతది, అంతే. ముడి మాత్రం నాలుగిటి నడిమిట్ల ఉండాలె. ఒక పక్క మొత్తం ఖాళీ పెట్టినమంటే ఆ పక్క మనకు లేనట్టే.”

“అది ఎవరు చెప్పారు?”

“పొద్దుగాల పడబోతుంటే పట్టుకున్న గదా. అప్పుడు తెలిసింది.”

ఆమె చాలాసేపు ఏదో రాసుకుంది. చల్లారాక నమూనాను లోపల పెట్టారు. తీగ అక్కర్లేకుండా నిలబడింది. ఈశాన్యం కాలు మళ్లీ ఏసీ మూలకు చూస్తోంది. చందర్ సార్ ఈలోగా కుర్చీని గోడ దాకా వెనక్కి జరుపుకుని కూర్చున్నాడు. ఇనుపపోటు తప్పించుకోవడానికి. అందువల్ల పాత అంకెలు పనికిరాకుండా పోయాయి. ప్రియాంక కొత్తగా కొలిచింది.

“ఆ కాలి వెంట తొమ్మిది. పై కాలి వెంట మూడున్నూ మూడో వంతు. మిగిలిన రెండూ సున్నా.”

దారం పోయి చందర్ సార్ కూర్చున్న చోట, తొడ పక్కన కుర్చీ అంచుకు తగిలింది. ఆయన బొద్దింక పాకినట్టు ఎగిరి లేచాడు.

“దీన్నే పంపిస్తున్నా,” అంది శోభారాణి గారు. అంతే. ఉపన్యాసం ఇవ్వలేదు.

అప్పుడు చందర్ సార్ పరుగెత్తుకొచ్చాడు. జడ్జి కాదన్న దండ బల్ల మీంచి తీసి తనే వేసుకున్నాడు. ఇందాక ప్రాణం తీస్తుందన్న ఈశాన్యం కాలిని పసిపిల్ల చెయ్యిలా పట్టుకున్నాడు. “ఫోటో తీయున్రి! ఫోర్-డీ! ఫోర్-డీ!” పృథ్వీరాజ్ ఎక్కణ్ణుంచి ఊడిపడ్డాడో, రెండో కాలు పట్టుకున్నాడు. “నేను జెప్పలే? ముహూర్తం సూసి కోపిచ్చిన గాబట్టే మళ్ల అతికితే కలిసొచ్చింది,” అంటున్నాడు ఫోనులో ఎవరితోనో, పళ్ల సందున ఎర్రగా. చందర్ సార్ మాణిక్ సార్ భుజం మీద చెయ్యి వేసి ఫోటోలోకి లాగాడు. ఆ చేతికి జిడ్డు. ఫోను వైపు నవ్వుతూనే, పెదాలు కదపకుండా, “రేపట్నుంచి రాకు,” అన్నాడు. క్లిక్కుమంది. ఆ ఫోటోలో ఇద్దరు నవ్వుతున్నారు, ఒకాయన ముక్కు మూసుకున్నాడు. ప్రియాంక లేదు.

ప్రియాంక బల్ల దగ్గర ఉంది. శోభారాణి గారు దరఖాస్తు నింపుతోంది. విద్యార్థి పేరు. ఊరు. నమూనా పేరు.

“ఫోర్-డీ అని పెట్టున్రి మేడమ్!” అని ఫోటో దగ్గర్నుంచి కేక.

“నాలుగు కాళ్ల లెక్క,” అంది ప్రియాంక. ఆమె అదే రాసింది.

“గైడ్ పేరు?”

చందర్ సార్ దండ సర్దుకుంటూ వచ్చేశాడు. “ఆయన రేపట్నుంచి మా స్టాఫ్ గాదు మేడమ్. నా పేరు పెట్టున్రి. చందర్. చ కింద ఒత్తు లేదు.”

“నేను అమ్మాయిని అడిగాను,” అంది జడ్జి.

మాణిక్ సార్ నాలుగడుగుల దూరంలో నిలబడి ఉన్నాడు. నాలుగు నెలలు, సాయంత్రం ఆటో పోయేవరకు కూర్చుని నేర్పిన పిల్ల. ఉద్యోగం పోగొట్టుకున్నాడు ఇందాకే, హాలంతా చూస్తుండగా. తన పేరే చెప్తుందనుకున్నాడు. చెప్పాలనుకున్నాడు. అలా అనుకుంటున్నందుకు తన మీద తనకే ఒళ్లు జలదరించింది, అయినా అనుకోవడం మానలేదు.

ప్రియాంక దారం ఉండ చుడుతూ అంది. “గైడ్ ఎవలు లేరు మేడమ్. సార్ మంచిగ నేర్పిన్రు. గని ఇందాక అబద్ధం చెప్పుమన్నరు.”

శోభారాణి గారు కలం ఆపి తలెత్తింది. “అవునా సార్?”

వద్దు, వద్దు అన్నట్టు చందర్ సార్ తల అడ్డంగా ఊపుతున్నాడు. కాలేజీ పేరు పోతుందని. లేదు మేడమ్, పిల్ల సరిగా వినలేదు అంటే సరిపోతుంది. అప్పుడు నోటికి ఫైలు అడ్డం ఉంది, చూసినవాళ్లు లేరు. మాణిక్ సార్ నాలుక మీద ఆ మాట తయారుగా ఉంది. ఇన్నేళ్లుగా తయారుగా ఉన్న మాటే. దాని రుచి ఆయనకు తెలుసు.

“అవును మేడమ్,” అన్నాడు. “ఎనిమిది, మూడు, సున్నా, సున్నా అని చెప్పమన్న.”

ఆమె గైడ్ గడిలో ఈ చివరి నుంచి ఆ చివరి దాకా ఒక గీత గీసింది. కాగితం ప్రియాంకకు ఇచ్చింది. ప్రియాంక దాన్ని లెక్కల నోట్సులో పెట్టుకుని, సంచి భుజాన వేసుకుని, “పోయొస్త సార్,” అని రోజూ అన్నట్టే అని, మొగుడంపల్లి ఆటో కోసం వెళ్లిపోయింది.

మాణిక్ సార్ చేతులకు వెల్డింగ్ మసి, భుజానికి చందర్ సార్ జిడ్డు. కడుక్కుందామని హాలు వెనక నల్లా దగ్గరికి వెళ్లాడు. నల్లాకు నీళ్లొచ్చాయి. సబ్బు లేదు. ఉత్త నీళ్లతోనే చాలాసేపు రుద్దుకున్నాడు.